ఎడమచేతి బటన్లు

పాత గేమ్ కన్సోల్ ఒకటి రిపేరుకొచ్చింది. స్విచ్ వేయగానే లోపలి దుమ్ము వేడెక్కి కమురువాసన కొట్టింది. ఆ వాసనకు ప్రభుదాసన్న గుర్తొచ్చాడు. ప్రొద్దుటూరులో ఆయన షాపులోనే నేను ఈ పని నేర్చుకున్నాను. ఎన్నికలొస్తే పల్లెలు రెండుగా చీలి బాంబులు విసురుకునే రోజులవి.

జమ్మలమడుగు దగ్గరి పల్లె నుంచి ఒకామె కొడుకును వెంటబెట్టుకొచ్చింది. గొర్లు కాసుకునే ఇంటివాడు, పేరు గంగాధర్. పార్టీ నాయకుడి కోసం నాటుబాంబు విసరబోతే చేతిలోనే పేలింది. కుడిచెయ్యి మణికట్టు దాకా పోయింది.

"గోడ దిక్కు తిరిగి పండుకోనుంటాడప్పా. ముందు ఈ ఆటలంటే శానా ఇష్టం," అందామె.

అన్న అతని ఎడమచేతిలో కంట్రోలర్ పెట్టి, "ఏ వేలు యాడికి అందుతాదో చూపియ్యి," అన్నాడు. ఎవరో ఔత్సాహికులు సొంతంగా రాసి ఉచితంగా పంచిన కార్ల పందెం ఆట ప్రోగ్రామొకటి మెమరీ కార్డులోకి ఎక్కించాడు. దాని సెట్టింగుల ఫైలు తెరిచి, ఏ బటన్ నొక్కితే ఏం జరగాలో ఒక్కో వరుసా మార్చి రాస్తూ, పనులన్నీ ఎడమవైపుకే తెచ్చాడు. మొదటిసారి తెర నల్లగానే ఉండిపోయింది. ఒక వరుసలో చిన్న గీత పెట్టడం మరిచాడు. సరిచేసి మళ్లీ వేశాడు. కారు కదిలింది, మలుపులో గోడను గుద్దుకుంది. గంగాధర్ నవ్వాడు. వాళ్లమ్మ నోటికి కొంగు అడ్డం పెట్టుకుని బయటికెళ్లిపోయింది.

తర్వాత అతను రోజూ షాపుకు రాసాగాడు. అన్న అతనికి పని నేర్పడం మొదలుపెట్టాడు. ఎన్నికలు దగ్గరపడగానే నాయకుడి మనుషులు జీపులో వచ్చారు.

"రారా, పెద్దాయన పిలుస్తాండాడు."

ప్రభుదాసన్న వాకిలికి అడ్డం నిలబడ్డాడు. "ఒక చెయ్యి మీకే ఇచ్చినాడు గదప్పా. ఇంగ వాన్ని ఇడిసిపెట్టండి."

"నీకేంది సంబంధం?"

"నా కాడ పని చేస్తాండాడు."

వెనకనున్న నాకు ఆయన కాళ్లు వణకడం కనిపించింది. గొంతు మాత్రం వణకలేదు. వాళ్లు ఆయనను ఎగాదిగా చూసి వెళ్లిపోయారు.

ఆ ఆదివారం చర్చి నుంచి వస్తుంటే దారికాచి ఆయనను నరికేశారు. గంగాధర్‌ను వాళ్లమ్మ ఆ రోజే బెంగళూరు తీసుకెళ్లిపోయింది. అక్కడేదో ఫోన్ల షాపులో కుదిరాడని తర్వాత విన్నాను.

జీపులో వచ్చినవాళ్ల పేర్లు నేను పోలీసులకు చెప్పాను, కోర్టులోనూ చెప్పాను. దారిలో నరకడం చూసినవాళ్లు మాత్రం తామేమీ చూడలేదన్నారు. కేసు కొట్టేశారు. బోనులో నిలబడినంతసేపూ నా మోకాళ్ల వణుకు ఆగలేదు. వణుకు తగ్గాక చెబుదామని ఆగివుంటే నోరు తెరిచేవాణ్ణే కాదు. అన్న వణుకుతూనే మాట్లాడటం చూసినవాణ్ణి కాబట్టి చెప్పగలిగాను.

ఇప్పటికీ బజారులో వాళ్లు ఎదురైతే ఒళ్లంతా చల్లబడుతుంది. అయినా దారి మార్చను.