పోయినాడు

మేముండే ఈ పరాయి దేశంలో, యీషున్ మైదానంలో ఆడుతూ మా అబ్బాయి కింద పడ్డాడు. కోచ్ మోకాలికి స్ప్రే కొట్టగానే లేచి పరిగెత్తాడు. ఆ ఘాటు వాసనలో నాకు మాత్రం, పడి లేవని ఆటగాడొకడు గుర్తొచ్చాడు.

అప్పుడు నాకు ఆరేళ్ళు. నాన్న భుజాలెక్కి, గుండు మీద కొత్తగా మొలుస్తున్న గరుకు వెంట్రుకలు నిమురుతూ టీవీలో పాత ఇంగ్లీషు సినిమా చూస్తున్నాను. ఫుట్‌బాల్ మ్యాచ్ మధ్యలో ఒకడు కుప్పకూలాడు.

"పోయినాడు," అన్నాడు నాన్న.

మా కడపవాళ్ళ ఇంట్లో అందరూ పోయేవాళ్ళే. నాన్న ఆఫీసుకు పోయేవాడు. మమ్మల్ని చూడటానికి విమానమెక్కి వచ్చే తాత, వీసా అయిపోగానే ఊరికి పోయేవాడు. మళ్ళీ వచ్చేవాడు.

"హాఫ్ టైం అయినాక వస్తాడా?"

"యాడొస్తాడు నాయనా! సచ్చిపోయినాడు. ఎవరు చంపినారో కనుక్కునేదే సినిమా."

నా చెయ్యి ఆగిపోయింది. పోయిన నెల ఫోన్ పెట్టేసి అమ్మ నాతో అన్నదీ 'పోయినాడు' అనే.

"తాత కూడా అట్లనే పోయినాడా?"

నాన్న నన్ను కిందికి దించి ఒళ్ళోకి లాక్కున్నాడు. పిల్లవాడికి చెప్పేశామనే అనుకున్నారు పాపం, ఇద్దరూ.

సినిమా చివరిదాకా మా ముందే నడిచింది. హంతకుడెవరో మేం చూడలేదు.