అభ్యంతరం లేనట్లే భావిస్తూ

సోమేశ్వరరావు గారు ముప్ఫై నాలుగేళ్లు ప్రభుత్వ కొలువు చేసి సూపరింటెండెంటుగా రిటైరయ్యారు. ఆయన రాసిన డ్రాఫ్టులో పై అధికారి కామా కూడా మార్చడని ఆఫీసులో పేరు. రిటైరైన ఆరు నెలలకే, 1999 వేసవిలో, హైటెక్ సిటీలో కొత్తగా వెలిసిన ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీ ఆయన్ను అడ్మిన్ మేనేజరుగా తీసుకుంది. కరెంటాఫీసులో ఎవరిని కలవాలో, ఎవరిని అడిగితే నీళ్ల ట్యాంకరు వస్తుందో అక్కడి అరవై మంది ఇంజనీర్లలో ఒక్కరికీ తెలియదు. ఆయనకు తెలుసు.

పొద్దున్నే వెంగళరావు నగర్‌లో కంపెనీ బస్సెక్కితే ఎర్రగడ్డ, బోరబండ దాటి, రాళ్లగుట్టల మధ్య నుంచి ఆఫీసుకు చేరేవారు. ఆయన బల్ల మీద ఫైలు లేదు, గుండుసూదుల డబ్బా లేదు. కంప్యూటరొక్కటే ఉంది.

"ఇక్కడ అన్నీ మెయిల్లోనేనండీ. కాగితం పంపితే ఎవరూ చదవరు," అంది హెచ్ఆర్ పని చూసే రసజ్ఞ.

ఆయన టైపు హయ్యర్ పాసైన మనిషి. వేళ్లకేమీ ఇబ్బంది లేదు. వాటర్ ట్యాంకు కడిగించే రోజు వస్తే, ముందురోజు మధ్యాహ్నమే అందరికీ మెయిల్ పెట్టారు. విషయం: "అడ్మినిస్ట్రేషన్ – భవన నిర్వహణ – పరిశుభ్రత – నీటి సరఫరా – తాత్కాలిక అంతరాయం – సూచనల జారీ – రిగార్డింగ్." లోపల అయిదు పేరాలు. నీళ్లు రావన్న సంగతి నాలుగో పేరాలో ఉంది.

మర్నాడు ఉదయం ఆపరేషన్స్ హెడ్ ఉదయ్ భాస్కర్ మొహం నిండా సబ్బుతో వాష్‌రూమ్‌లోంచి బయటికొచ్చాడు.

"రావు గారూ, నీళ్లు రావని ముందే చెప్పాలి కదండీ!"

"చెప్పానండి. నిన్న మూడింటికి మెయిల్ పెట్టాను."

ఉదయ్ భాస్కర్ ఒక కంటితోనే కంప్యూటరులో వెతికాడు. మెయిల్ ఉంది. తెరవని మెయిళ్లన్నిటికీ ఉన్నట్టే దానికీ నల్లని లావు అక్షరాలున్నాయి. "ఇది నీళ్ల గురించా?" అన్నాడు, నిజంగానే ఆశ్చర్యపోయి.

ఆ సాయంత్రం రసజ్ఞ ఆయన పక్కన కుర్చీ వేసుకుని కూర్చుంది. "సంగతి సబ్జెక్ట్‌లోనే చెప్పేయాలండి. ఎవరేం చెయ్యాలో మొదటి లైన్లో ఉండాలి. ఒక మెయిల్‌కి ఒకటే విషయం. అప్పుడే తెరుస్తారు, జవాబిస్తారు." ఆయన అన్నీ నోటుబుక్కులో రాసుకున్నారు. రాసుకోవడం తేలికే. మెయిల్ మొదలుపెట్టగానే చేతులు వాటంతటవే "పై విషయమునకు సంబంధించి" అని మొదలెట్టేవి.

ఆయన్ను గట్టెక్కించింది బాలమ్మ. బోరబండ నుంచి వచ్చి ఆ ఆఫీసు తుడిచే ఆరుగురు ఆడవాళ్లలో ఆమె పెద్దది. ఒకరోజు ఆయన లిఫ్టు మరమ్మతు గురించి గంటసేపు టైపు చేయడం, చెరపడం చూసి అడిగింది.

"ఏంది సారూ, గంత పరేషానైతున్నరు?"

"రేపు లిఫ్టు రిపేరు. అందరికీ తెలియజేయాలి."

"గంతేనా? రేపు లిఫ్టు బందు, మెట్లెక్కుండ్రి. అయిపాయె గద!"

సోమేశ్వరరావు గారు ఒక్క క్షణం ఆలోచించి ఆ ముక్కనే ఇంగ్లీషులో కొట్టి పంపించారు. పావుగంటలో ఇరవై రెండు జవాబులొచ్చాయి. అందులో పంతొమ్మిది థాంక్సులు. ముప్ఫై నాలుగేళ్ల సర్వీసులో ఆయన జారీ చేసిన ఒక్క మెమోకూ ఎవరూ థాంక్స్ చెప్పలేదు. ఆ రాత్రి భోజనాల దగ్గర భార్య పద్మావతి గారికి ఆ సంగతి రెండుసార్లు చెప్పారు.

ఆనాటి నుంచి ఏది రాయాలన్నా ముందు బాలమ్మకు చెప్పేవారు. ఆమె ఏమంటే అదే రాసేవారు. వానాకాలం వెళ్లేసరికి కంపెనీలో మెయిల్ రాస్తే రావు గారే రాయాలన్నారు. కొత్తగా చేరిన ఇంజనీర్లకు మెయిల్ ఎలా రాయాలో చెప్పే క్లాసు కూడా ఆయనకే అప్పగించాడు ఉదయ్ భాస్కర్. బాలమ్మ ఆ గది బయట వరండా తుడుస్తుండేది.

నవంబరులో బాలమ్మ రెండు రోజులు రాలేదు. మూడోరోజు కుంటుకుంటూ వచ్చింది.

"ఏమైంది బాలమ్మా?"

"ఎనక నుంచి లారీ వొచ్చింది సారూ. పక్కకు దుంకిన. పైపుల కోసం తవ్విన గుంతల పడ్డ."

సాయంత్రం ఆరున్నరకు పని ముగించుకుని ఆ ఆరుగురూ దీపాల్లేని రోడ్డు మీద బోరబండ దాకా నడిచి వెళ్తారు. ఆ సంగతి ఆయనకు తెలియనిదేం కాదు. అదే సమయానికి బయలుదేరే బస్సు కిటికీలోంచి రోజూ చూస్తూనే ఉన్నారు. హెడ్‌లైట్లు పడగానే వాళ్లు కొంగులు అడ్డం పెట్టుకుని కంకరలోకి దిగుతారు. బస్సులో పదకొండు సీట్లు ఖాళీగా ఉంటాయి. చూసి కూడా ఇన్నాళ్లూ తనకు తోచనందుకు ఆయనకు సిగ్గేసింది.

"మీ బస్సు మా బస్తీ ముంగట్నుంచే పోతది గద సారూ," అంది బాలమ్మ. "జర రాయుండ్రి. మీరు రాస్తె అందరు జవాబిస్తరంట."

ఆయన తన జీవితంలోకెల్లా మంచి మెయిల్ రాశారు. విషయం: "బస్సులో పదకొండు ఖాళీ సీట్లు – నడిచివెళ్లే ఆరుగురు ఆడవాళ్లకు ఇద్దామా?" లోపల రెండే వాక్యాలు. ఉదయ్ భాస్కర్ నుంచి నాలుగు నిమిషాల్లో జవాబొచ్చింది. "వద్దు. వాళ్లు కాంట్రాక్టరు మనుషులు, బస్సు మన ఉద్యోగులకే. మెయిల్ చాలా స్పష్టంగా ఉంది, అభినందనలు."

"జవాబొచ్చిందా సారూ?"

"వచ్చింది. వద్దన్నారు."

"గింత జల్దీనా?" బాలమ్మ మాప్ బకెట్లో ముంచింది. "సదవకుండ పక్కకు పెట్టినా మంచిగుండేది."

ఆ మాట ఆయన చెవిలో ఉండిపోయింది. రెండు రోజులు ఆలోచించి, గురువారం మధ్యాహ్నం ఉదయ్ భాస్కర్‌కే ఇంకో మెయిల్ రాయడానికి కుర్చీ ముందుకు జరుపుకున్నారు. ఈసారి బాలమ్మనేమీ అడగలేదు. విషయం: "అడ్మినిస్ట్రేషన్ – రవాణా – వాహన సామర్థ్యము – వినియోగ సమీక్ష – తదుపరి చర్యలు – రిగార్డింగ్." తొమ్మిది పేరాలు. మొదటి ఆరూ టైర్లు, ఇన్సూరెన్సు, డీజిలు గురించి. ఏడో పేరాలో, బోరబండ వరకు ఖాళీ సీట్లలో హౌస్‌కీపింగ్ మహిళలను అనుమతించడమైనది. తొమ్మిదో పేరాలో, శుక్రవారం సాయంత్రం అయిదు గంటలలోగా జవాబు రానిచో అభ్యంతరం లేనట్లే భావిస్తూ సోమవారం నుంచి అమలు చేయబడును.

ఇంట్లో పద్మావతి గారు అంతా విని, "ఒకసారి వద్దన్నాక మళ్లీ ఇదేమిటండీ?" అన్నారు.

"అప్పుడు అడిగాను. ఇప్పుడు తెలియజేశాను."

"తేడా ఏమిటో!"

తేడా గొప్పగా ఏమీ లేదని ఆయనకూ తెలుసు. శుక్రవారం నాలుగు నుంచీ మెయిల్ పెట్టె ముందే కూర్చున్నారు. అయిదైంది. జవాబు రాలేదు. సోమవారం సాయంత్రం ఆరుగురు ఆడవాళ్లూ బస్సెక్కి వెనక సీట్లలో ఒదిగి కూర్చున్నారు. ఇంజనీర్లలో సగం మంది నిద్రపోతున్నారు, మిగతావాళ్ల చెవుల్లో వాక్‌మన్లున్నాయి.

పన్నెండో రోజున ఉదయ్ భాస్కర్ కారు షెడ్డుకెళ్లింది. అతను బస్సెక్కాడు. మర్నాడు పొద్దున్నే పిలుపొచ్చింది. గదిలో రసజ్ఞ కూడా ఉంది.

"వాళ్లను బస్సెక్కించమని ఎవరు చెప్పారండీ?"

"తమరేనండి."

"నేనా?"

"మెయిల్ పంపానండి. అభ్యంతరం ఉంటే శుక్రవారంలోగా తెలపమన్నాను."

ఉదయ్ భాస్కర్ వెతికాడు. దొరికింది. నల్లని లావు అక్షరాలు అలాగే ఉన్నాయి. సరిగ్గా వారం కిందట, వచ్చిన ప్రతి మెయిల్‌నూ ఒక్క రోజులో తెరిచి తీరాలని కంపెనీ మొత్తానికి తాఖీదు పంపినవాడు అతనే. అతను తెర వంక, రసజ్ఞ వంక చూసి, మెయిల్ తెరిచి వేలితో గబగబా కిందిదాకా చదివాడు.

"ఆ... ఇది చూశాను," అన్నాడు చివరికి. "ఏడో పేరా సరిగ్గా అమలవుతోందా లేదా అని కనుక్కుందామనే పిలిచాను."

"ఇప్పుడేగా మీరు తెరిచింది..." అనబోయి రసజ్ఞ దగ్గు తెచ్చుకుంది. అతని వేలు ఇంకా తెర మీద ఆ పేరా దగ్గరే ఉంది మరి.

"అమలవుతోందండి," అన్నారు సోమేశ్వరరావు గారు.

కొత్త ఇంజనీర్ల క్లాసు ఆ నెలలోనే రసజ్ఞకు మారిపోయింది. కారణం ఎవరూ చెప్పలేదు, ఆయనా అడగలేదు. అయితే ఆ కంపెనీలో మొదటి అక్షరం నుంచి సంతకం దాకా చదివించుకునే మెయిళ్లు ఆయనవి మాత్రమే అయ్యాయి. బొద్దింకల మందు చల్లించడం గురించి పంపితే కూడా, "మూడో పేరా ఇంకొంచెం వివరించగలరు" అని ఉదయ్ భాస్కర్ జవాబిచ్చేవాడు.

డిసెంబరులో ఒకనాడు బాలమ్మ మళ్లీ వచ్చింది. "సారూ, మాతోటి పనిజేసే ఈరమ్మకు మూడో అంతస్తు తుడిచేసరికి ఆరున్నర దాటుతున్నది. బస్సు పది నిమిషాలు ఆగేటట్టు రాస్తరా?"

"దీనికి రాయడమెందుకు, పద," అని ఆయన కిందికి దిగి డ్రైవరు యాదయ్యతో చెప్పారు.

"గదెంత పని సారూ," అన్నాడు యాదయ్య.