థాంక్స్ చెప్పకూడదు

గెర్డా లిండ్నర్ ఒకప్పుడు సినిమా నటి అంటే ఆస్ట్రేలియాలో టూవూంబా ఊళ్లోని ఆ వృద్ధాశ్రమంలో నమ్మేది ఆండాళ్ ఒక్కతే. ఆండాళ్‌ది వరంగల్, ఈ ఆశ్రమంలో నర్సు. మిగతావాళ్లకి గెర్డా భోజనం దగ్గర పేచీ పెట్టే ముసలమ్మ, అంతే.

యుద్ధంలో బూడిదైపోయిన జర్మనీ నగరం హాంబర్గులో పెరిగింది గెర్డా. నాటకం చూడ్డానికి జనం టికెట్టుకు బదులు బొగ్గు తెచ్చిచ్చే రోజుల్లో, చిన్నపిల్లగానే వేషం కట్టింది. సినిమాల్లో హీరోయిన్ స్నేహితురాలిగా ఏడ్చీ ఏడ్చీ పోస్టరు మీద పేరు వేయించుకుంది. ఇంజినీరు మొగుడి వెంట ఆస్ట్రేలియా వచ్చాక, ఆమె యాస విన్న ఇక్కడి టీవీవాళ్లు శత్రు సైన్యాధికారి పెళ్లాం వేషం తప్ప ఇంకోటి ఇచ్చిన పాపాన పోలేదు. ఇచ్చిందే మహాభాగ్యమని చేసింది.

పోయినేడు పక్షవాతం వచ్చి, నోట్లోని ఇంగ్లీషును తుడిచిపెట్టేసింది. మిగిలిన జర్మన్ కూడా ముద్దముద్దగా ఉందని దుబాసీ చేతులెత్తేశాడు. దాంతో మతి పోయిందనుకుని, తాళం వేసి ఉంచే వార్డుకు మార్చాలన్నారు ఆశ్రమంవాళ్లు. ఆమె మతి నిక్షేపంగా ఉంది. ఆ వార్డు తలుపు కనబడితే చాలు, ఆండాళ్ చెయ్యి పట్టుకుని వెనక్కి లాగేది. డాక్టరు పరీక్షలో నెగ్గితేనే తన గది తనకుంటుంది.

ఆండాళ్ నాటకాల్లో తెరచాటునుంచి మాటలందించే ప్రాంప్టరు అవతారం ఎత్తింది. పేరు, ఊరు, కాలం: ఈ మూడింటికీ ఇంగ్లీషు జవాబులను గెర్డా నాటకం డైలాగుల్లా వరసగా బట్టీ పట్టింది.

పరీక్ష రోజున ఆండాళ్ ఆమె ఎడమ భుజం మీదుగా "టోయ్ టోయ్ టోయ్" అంది. స్టేజి ఎక్కేవాళ్లకు జర్మనీలో అలా ఉమ్మినట్టు అంటారని, విన్నవాళ్లు థాంక్స్ చెబితే అదృష్టం కాస్తా పోతుందని గెర్డాయే ఎప్పుడో నేర్పింది. గెర్డా పెదవులు బిగించి నవ్వింది.

డాక్టర్ భార్గవ్ కూడా తెలుగాయనే. మొట్టమొదట, ఇది ఏ కాలమని గెర్డాను ఇంగ్లీషులో అడిగాడు.

"గెర్డా లిండ్నర్," అంది, హాలు చివరిదాకా వినిపించే గొంతుతో.

పేరడిగితే "టూవూంబా" అంది. ఊరడిగితే "వింటర్" అంది.

"సార్, వరస తప్పింది సార్!" ఆండాళ్ తెలుగులోకి దిగిపోయింది. "ఫస్టు పేరు అడుగుండ్రి. ఆర్డర్‌ల అడిగితే అన్నీ కరెక్ట్ చెప్తది."

"ఆర్డర్ మారినా చెప్పాలి కదండీ, అదే కదా టెస్టు," అన్నాడాయన మెత్తగా. కసిరినా బాగుండేది.

సాయంత్రం గెర్డాను తాళం వార్డుకు తీసుకెళ్తుంటే, ఆ తలుపు దగ్గర ఆండాళ్‌కు జర్మన్ మాట గుర్తురాలేదు. దిష్టి తీసినప్పుడు అమ్మమ్మ అన్నట్టే "థూ థూ థూ" అంది ఏడుస్తూ.

గెర్డా మెడ నిటారుగా ఎత్తి, ఆమె వైపు తిరిగింది.

"థాంక్యూ," అంది, స్పష్టంగా, ఇంగ్లీషులో. ఆ మాట ఆండాళ్ నేర్పలేదు.