ముత్తయ్య మామ సెక్యూరిటీ గార్డు కాదు

నిన్న పదకొండు గంటలకు స్టాఫ్‌రూమ్‌లో టీ తాగుతుంటే తమ్ముడి ఫోన్.

"అక్కా, మామ పోయిండు."

ఏ మామ అని అడిగాను. నిజంగానే అడిగాను. ముత్తయ్య మామ అని నాకు తట్టనే లేదు. మొన్న ఆదివారమే నాతో గంటసేపు మాట్లాడాడు.

అడవి దారిలో ఒక ఊరి మలుపు దగ్గర, ఎండలో నిలబడి నిలబడి కూలిపోయాడట. ఆస్పత్రికి చేరేలోపే అయిపోయింది.

నాకు ఏడుపు రాలేదు. కోపం వచ్చింది. ఇప్పటికీ కోపంగానే ఉంది. అందుకే రాస్తున్నాను.

తెలియనివాళ్ల కోసం చెప్తున్నా. ముత్తయ్య మామ మా అమ్మకు తమ్ముడు. జలపాతానికి వెళ్లే దారిలో పాత బంగ్లా ఒకటి ఉంది, బస్తర్ సంస్థానంగా ఉన్న రోజుల్లో దొరలు దిగడానికి కట్టింది. అందులో టూరిస్ట్ ఇన్ఫర్మేషన్ సెంటర్. ఇరవై ఏళ్లకు పైగా మామ అక్కడ కూర్చున్నాడు. తెలుగు, హిందీ, హల్బీ, గోండీ, దోర్లీ. ఎవరు ఏ భాషలో అడిగితే ఆ భాషలోనే జవాబు.

తలుపు పక్కన ఒక నల్లబోర్డు ఉండేది. రోజూ పొద్దున్నే సుద్దముక్కతో రాసేవాడు. ఏ వాగు పొంగింది, ఏ దారిలో కారు దిగబడుతుంది, ఏ ఊరు ఇవాళ బంద్.

ఊరు బంద్ ఏంటని అనుకుంటారేమో. ఇక్కడి ఊళ్లలో విత్తనాల పండుగ, కొత్త మామిడికాయ పండుగ ఉంటాయి. ఆ రోజు పొలిమేర మూసేస్తారు. బయటి మనిషి అడుగు పెట్టకూడదు. ఆ తేదీ ఏ క్యాలెండర్‌లోనూ దొరకదు. ఒక్కో ఊళ్లో ఒక్కో రోజు, పెద్దలు కూర్చుని అనుకుంటారు. మామ ప్రతి వారం సంతకు వెళ్లి, ఆ పెద్దల పక్కన కూర్చుని, చింతపండు బేరాల మధ్య ఆ మాట కనుక్కుని వచ్చేవాడు.

ఒకసారి విశాఖ నుంచి ఒకాయన వచ్చాడు. నేనూ అక్కడే ఉన్నాను. ఇంత దూరం కారేసుకుని వస్తే వెళ్లొద్దంటావా, అసలు నువ్వెవరు అని మీదమీదకు వచ్చాడు.

మామ కుర్చీ జరిపాడు. మంచినీళ్లిచ్చాడు.

"ఏంది సార్, మీ ఇంట్ల పూజ నడుస్తున్నప్పుడు నేనొచ్చి దేవుని గదిల సెల్ఫీ దిగుత అంటే ఊకుంటరా?"

ఆయన కాసేపు గుర్రుగా చూసి, నవ్వేశాడు. ఆ తర్వాత మళ్లీ మళ్లీ వచ్చాడు. బయలుదేరే ముందు మామకు ఫోన్ చేసి అడిగేవాడు.

అలాంటి మనిషిని ఏం చేశారో తెలుసా?

సెంటర్‌ను కాంట్రాక్టుకిచ్చారు. గోడకు పెద్ద టచ్‌స్క్రీన్ వచ్చింది. బోర్డు పీకి స్టోర్‌రూమ్‌లో పడేశారు. వెళ్లొద్దని రాస్తే నెగెటివ్ మెసేజ్ పోతుందట! మామకు నీలం చొక్కా, ఈల ఇచ్చి పార్కింగ్ చూసుకోమన్నారు.

అప్పుడు నేనేమన్నానో కూడా చెప్పాలి. "పోనీలే మామా, నీకూ రెస్ట్" అన్నాను. ఆ మాటకు ఇప్పుడు చెంపలు వాయించుకోవాలనిపిస్తోంది.

పోయిన వేసవిలో, విత్తనాల పండుగ రోజు, ఆ స్క్రీన్ చూసి రెండు కార్లు ఒక ఊరికి వెళ్లాయి. ఊరి పేరు రాయను. రాస్తే రేపు లొకేషన్ పెట్టుకుని ఇంకో నాలుగు కార్లు వెళ్తాయి.

పూజ మధ్యలో డ్రోన్ ఎగరేశారు. పూజ ఆగిపోయింది. మళ్లీ మొదటి నుంచి చేసుకునేసరికి విత్తనం వేయడం వారం వెనక్కి పోయింది.

ఆ ఊరి పెద్దాయన సంతలో మామను పట్టుకుని అడిగాడు. "ముత్తయ్యా, నువ్వు ఉండంగనే ఎట్ల పంపినవ్?"

పంపింది తను కాదని మామ చెప్పలేదు. ఆ సాయంత్రం నాకు ఫోన్ చేశాడు.

"మిషిన్ పంపిందని చెప్పాల్నా కోడలా? వాళ్లు మిషిన్ను నమ్మలే. నన్ను నమ్మిండ్రు."

ఆ వారమే చొక్కా, ఈల తిరిగిచ్చేశాడు. స్టోర్‌రూమ్‌లోంచి తన బోర్డు అడిగి తెచ్చుకున్నాడు. అప్పటి నుంచి ఏ ఊరు బంద్ అయితే ఆ ఊరి మలుపు దగ్గర బోర్డు నిలబెట్టి, పక్కన తను నిలబడ్డాడు. పొద్దున్నుంచి సాయంత్రం దాకా. అరవై దాటిన మనిషి. బీపీ ఉన్న మనిషి.

నిన్న అదే ఊళ్లో కొత్త మామిడికాయ పండుగ.

సాయంత్రం సెంటర్ వాళ్లు వాట్సాప్ గ్రూప్‌లో మెసేజ్ పెట్టారు. "మన మాజీ సెక్యూరిటీ గార్డు మరణించారు. ఆర్ఐపీ." పేరు కూడా లేదు. కిందనే వీకెండ్ ప్యాకేజీ పోస్టర్.

సెక్యూరిటీ గార్డా?

ఆ స్క్రీన్‌లో ఉన్న దారులన్నీ ఎవరు చెప్తే ఎక్కించారు? మామ పక్కన రెండు రోజులు కూర్చుని రాసుకెళ్లారే, ఆయన పేరు గుర్తులేదా? ఆయన చెప్పినవన్నీ తీసుకున్నారు, వెళ్లొద్దన్న మాట ఒక్కటే వదిలేశారు. కాస్తయినా సిగ్గుండాలి.

ఈరోజు పొద్దున బోర్డు తెచ్చుకుందామని ఆ మలుపు దగ్గరకు వెళ్లాను. ఊరి పెద్దాయన అప్పటికే అక్కడున్నాడు. దారికి అడ్డంగా వెదురు బొంగు కట్టి ఉంది.

పండుగ నిన్ననే అయిపోయింది కదా అన్నాను.

"ఇయ్యాల గూడ బంద్. నీకు రాయొస్తది గద, రాయి."

ఏమని రాయాలి?

"మా మనిషి పోయిండని రాయి."

తెలుగులో రాశాను, హిందీలో రాశాను. అక్షరాలు వంకరపోయాయి. అప్పుడొచ్చింది ఏడుపు.

కాసేపటికి ఒక కారు ఆగింది. డ్రైవర్ కిందికి దిగి ఫోన్ చూపించాడు. ఇందులో ఓపెన్ అని ఉంది మేడమ్ అన్నాడు. నేను బోర్డు చూపించాను. చదివాడు. చెప్పులు విడిచి, చేతులు జోడించి, కారు వెనక్కి తిప్పుకున్నాడు.

ఇక ఎండలో నిలబడకు మామా. ఎక్కడున్నా చల్లగా, నీడన, ప్రశాంతంగా కూర్చో.

బోర్డు నా దగ్గరుంది.