కొంగ నిలబడ్డ చోట

లోతులేని నీళ్ళంటే నాకు మొదటి నుంచీ భయం. లోతు నీళ్ళు ముంచుతాయి, అంతే. లోతులేని నీళ్ళు పరువు తీస్తాయి.

పంతొమ్మిది వందల అరవైలు మొదలైన కొత్తలో పులికాట్ సరస్సులో ఒక దిబ్బ మీది ఊరికి నన్ను అయ్యవారిగా వేశారు. ఊరంతా చేపలు పట్టుకునేవాళ్ళే. బడికి ఒకటే గది, ఆ గదికి నేనొక్కణ్ణే. దొరవారిసత్రం వైపు ఒడ్డు నుంచి దిబ్బకు పడవలో గంట ప్రయాణం. చేరిన రోజే పడవ ఇసుకలో తట్టుకుని ఊగేసరికి, మునిగిపోతున్నామని కేకలు పెట్టి నీళ్ళలోకి దూకాను. నీళ్ళు మోకాళ్ళు కూడా దాటలేదు. ఆ కబురు నాకంటే ముందే ఊరు చేరింది.

పడవ నడిపే పెద్దాయన మాత్రం నవ్వలేదు. పక్కన కూర్చోబెట్టుకుని పాఠం చెప్పాడు.

"కొంగ నిలబడిన చోట పడవ గూడా నిలబడిపోద్ది అయ్యోరా. బాతు తేలే చోట పడవ తేలుద్ది. అది జూసుకోని పోతే యే బయమూ లేదు."

ఎంత చక్కటి శాస్త్రం! నోటుపుస్తకంలో రాసుకున్నాను. బడిలో పిల్లలకు కూడా చెప్పాను. వాళ్ళు మర్యాదగా విన్నారు.

రెండేళ్ళకు స్కూళ్ళ ఇన్‌స్పెక్టరు గారు తనిఖీకి వచ్చారు. మనిషి భారీ, బూట్లు కొత్తవి. ఆయన్ను తీసుకురావడానికి నేనూ ఒడ్డుకు వెళ్ళాను. పడవ కదిలిందో లేదో ఆయన అసలు సంగతి బయటపెట్టారు.

"ఈ ఒడ్డున పెంకుల బడి ఉంది కదా మాస్టారూ. మధ్యలో ఉన్నవి మోకాటి లోతు నీళ్ళు. మీ పిల్లలు రోజూ పడవలో వచ్చి పోవచ్చు. దిబ్బ మీది బడి ఎత్తేయమని రాసేస్తాను."

నాకేం, ఇంకో ఊరికి వేస్తారు. చేరిన కొత్తలో ఆరు నెలల పాటు బదిలీ అర్జీలు రాసినవాణ్ణే నేను. కానీ ఆడపిల్లను రోజూ పడవెక్కించి పంపే తల్లి ఆ ఊళ్ళో ఒక్కతీ లేదు. పడవ పెద్దాయన కూతురు అప్పుడు మూడో తరగతి. ఊరికి వచ్చే ప్రతి ఉత్తరమూ ఆ పిల్లే చదివిపెట్టేది. బడి పోతే మర్నాటి నుంచి ఎండుచేపల దగ్గర కాకుల్ని తోలుకుంటూ కూర్చోవలసిందే. ఇదంతా చెప్పబోయి "అవునండీ... అంటే కాదండీ" అని ఊరుకున్నాను. పై అధికారి ముందు నా నాలుక ఎప్పుడూ అంతే.

పెద్దాయన అంతా విన్నాడు. గెడతో పడవ తోస్తూ తోస్తూ, దూరంగా బారులు తీరి నిలబడిన ఎర్రరెక్కల కొంగల్ని చూపించాడు.

"సారూ, అవి లేస్తే ఆకాశమంతా ఎర్రగా అయిపోద్ది. సప్పట్లు కొట్టండి, లేస్తాయి."

ఇన్‌స్పెక్టరు గారు చిన్నపిల్లాడైపోయారు. చప్పట్లు చాలక టోపీ ఊపుతూ కేకలు కూడా వేశారు. కొంగలు లేచాయి, వాటితో బాతులూ లేచాయి. నిజంగానే కన్నులపండుగ. అది ముగిసేసరికి నీళ్ళ మీద ఒక్క పిట్ట లేదు. పెద్దాయన గెడ ఒళ్ళో పెట్టుకుని కూలబడ్డాడు.

"ఎంత పని జేసినారు సారూ! నాకు దారి జూపేవే అవి. ఇప్పుడు లోతు యాడుండాదో, మెరక యాడుండాదో నాకెట్టా తెలిసేది?"

"కొట్టమన్నది నువ్వే కదయ్యా!"

"లేస్తాయన్నాను గానీ సారూ, అన్నీ లేస్తాయనుకోలేదే."

ఇక చూడండి మా అవస్థ. పది బారలు పోవడం, ఇసుకలో కూరుకుపోవడం. దిగడం, తొయ్యడం, ఎక్కడం. మూడోసారి దిగినప్పుడు ఇన్‌స్పెక్టరు గారి ఎడమకాలి బూటు బురదలో ఉండిపోయింది. వంగి మోచేతుల దాకా దేవినా దొరకలేదు. పొద్దున బయల్దేరిన పడవ దిబ్బ చేరేసరికి మధ్యాహ్నం బడి కూడా సగమైంది. ఆయన ఒంటి బూటుతో నా కుర్చీలో కూలబడి, పిల్లల్ని ఒక్క ప్రశ్నా అడగకుండా రిపోర్టు రాశారు. "ఈ నీళ్ళు రోజూ దాటుట పిల్లలకే కాదు, పెద్దలకూ దుస్సాధ్యము. బడి ఇక్కడనే ఉండవలెను." కింద రెండు గీతలు కూడా గీశారు.

సాయంత్రం ఆయన్ను దింపడానికి వెళ్ళాం. ఆయన పడవలో పడుకుని గురక పెట్టారు. పిట్టలు ఇంకా తిరిగి రాలేదు. అయినా పడవ ఎక్కడా తట్టుకోకుండా గంటలో ఒడ్డు చేరింది. నాకు అప్పుడు గానీ వెలగలేదు.

"అన్నా, పిట్టలు లేవు కదా. దారి ఎట్లా తెలిసింది?" అని మెల్లగా అడిగాను.

"పిట్టల్ని జూసుకోని పడవ నడిపేటోడు ఈ నీళ్ళల్లో ఎవుడుండాడు అయ్యోరా? కొత్తగా వొచ్చినోళ్ళు బయపడకుండా అట్టా జెప్తాము." గెడ ఇసుకలో గుచ్చి పడవ కట్టేశాడు. "మా బిడ్డ మూడు గదా. ఇంకా రెండు తరగతులుండాయి మీ బడిలో."

నాకు సంతోషంతో ఏడుపొచ్చింది, సిగ్గుతోనూ వచ్చింది. ఆ కొంగల పాఠం నేను రెండేళ్ళపాటు చెప్పాను. ఆయన కూతురు ముందు వరుసలో కూర్చుని, ఒక్కసారి కూడా నవ్వకుండా విన్నది.