దూపకు ధూపం

ఎస్సెమ్మెస్‌లే గాయకుల తలరాతలు రాస్తున్న కాలమది. హైటెక్ సిటీలో నాకు అప్పుడే ఉద్యోగం వచ్చింది. పని మాత్రం ఇంకా రాలేదు. (దాన్ని బెంచి మీద ఉండటమంటారు. నిజానికి కుర్చీయే ఇచ్చారు.) సరిగ్గా ఆ రోజుల్లోనే గోపన్‌పల్లిలో ఉండే మా చిన్నాయన బిడ్డ టీవీ పాటల పోటీకి ఎంపికైంది. చిన్నప్పటి నుంచీ గొంతు వీధి చివరి దాకా వినిపించేది కాబట్టి ఇంట్లో దాని పేరు సైరన్.

మొదటి వారం ఓ పాత సినిమా జోలపాట పాడింది. పాట అయ్యాక యాంకరమ్మ "ఎలా ఉందమ్మా ఇప్పుడు?" అంటే, మా సైరన్ ఉన్నదున్నట్టు చెప్పింది: "మస్తు దూపైతుందక్కా." మాకు దూప అంటే దాహం. యాంకరమ్మకు పూజగది గుర్తొచ్చింది. "ధూపమా? సాంబ్రాణి వేయించమంటావా?" అంది. జడ్జిగారు బల్ల చరిచి నవ్వారు, హాలంతా నవ్వింది. నీళ్లు మాత్రం ఎవరూ ఇవ్వలేదు. అది టీవీలో వచ్చిన మర్నాడు ఆఫీసు క్యాంటీన్లో నేను గ్లాసు పట్టుకోగానే "ధూపమాండీ?" అన్నాడొకడు. ఒళ్లు మండింది. ఇంటివాళ్ల మీద జోకులేయడం నా శాఖ. అందులోకి బయటివాళ్లు జొరబడితే సహించను.

రెండో వారం షో వాళ్లు ఫోన్ చేశారు. ఈసారి పాట మధ్యలో నిజంగానే ధూపం వేస్తారట, ఇది ఉలిక్కిపడి "దూప, దూప" అనాలట.

"గట్ల చేస్తే ఇంకొన్ని వారాలు ఉంచుతరట అన్నా," అంది సైరన్.

"చెయ్యకుంటే?"

"ఇంటికి పంపిస్తరు."

"మరి ఏం జేస్తవ్?"

"పాడనీకి పోయిన. నవ్వులపాలు గానీకి గాదు."

మామూలుగా కోపమొస్తే మనుషుల గొంతు పెరుగుతుంది. దీనిది తగ్గుతుంది. ఆ మాట నాకు దాదాపు వినపడలేదు.

షూటింగ్ రోజు కుటుంబసభ్యుల వరుసలో నన్ను కూర్చోబెట్టారు. మాకూ జడ్జిగారి బల్లకూ మధ్య ఇత్తడి పళ్లెంలో సాంబ్రాణి సిద్ధంగా ఉంది. సైరన్ ఓ పాత విరహగీతం ఎత్తుకుంది. చరణం మొదలవగానే ఒకడొచ్చి పళ్లెంలో సాంబ్రాణి వెలిగించాడు. పొగ కమ్మింది. ఇది ఉలిక్కిపడలేదు, ఒక్క అక్షరం మింగలేదు, ఆఖరి సంగతి దాకా పాడి నిలబడింది. పొగకు స్క్రిప్టు ఎవరూ ఇవ్వలేదు కాబట్టి నేరుగా జడ్జిగారి మీదికి పోయింది. ఆయన దగ్గీ దగ్గీ, చెయ్యూపుతూ, "నీళ్లు... నీళ్లు..." అన్నారు.

సైరన్ మైకు మళ్లీ నోటి దగ్గరకు తెచ్చుకుంది. "ఏంది సార్, దూపైతుందా?"

ఆ వారమే ఇంటికి పంపారు. జడ్జిగారిని అడిగిన ఆ మాట టీవీలో రాలేదు. వచ్చింది నా మొహం: వయొలిన్ల మధ్య, కారే కళ్లతో, కింద "చెల్లి పాటకు కరిగిన అన్న" అన్న అక్షరాలతో. వాళ్ల పొగకు నా కళ్లు మండితే, దానికి సెంటిమెంటు పూసి అమ్ముకుంటారా? ఏళ్ల తరబడి కనబడ్డవాళ్లందరితో కొట్లాడాను.

మొన్న ఎవరో ఆ క్లిప్పు మళ్లీ పంపారు. నా వాదనకు రుజువు దొరుకుతుందని ఆపి ఆపి చూశాను. బక్కపల్చటి కుర్రాడొకడు వెక్కి వెక్కి ఏడుస్తున్నాడు. వాడి ముందు ఇత్తడి పళ్లెం. అందులో సాంబ్రాణి ఇంకా వెలిగించనే లేదు.

కొత్తగూడలో పిల్లలకు సంగీతం చెబుతున్న సైరన్‌కు ఆ క్లిప్పు పంపలేదు. పొగేనని నమ్మనీ, పాపం.