ఏడుపు లేని సినిమా

నేను మస్కట్‌లో ఒక కార్ల కంపెనీకి డ్రైవర్‌ని. ఒక చలికాలం డెన్మార్క్ నుంచి వచ్చిన ఒకావిడను సముద్రం ఒడ్డునున్న సూర్ ఊరికి తీసుకెళ్ళే డ్యూటీ నాకు పడింది. అరవై దాటిన మనిషి. చేతిలో చిన్న కెమెరా, మైకు, అంతే. సినిమా తీసేవాళ్ళంటే వెంట ఒక గుంపు ఉంటుందనుకున్నాను. దారిలో అదే అడిగితే నవ్వింది. చాలా ఏళ్ళు వేరేవాళ్ళ సినిమాలకు ఎడిటింగ్ చేసిందట. మొదటి సొంత సినిమా, చేపల ఫ్యాక్టరీలో పనిచేసే ఆడవాళ్ళ గురించి. దానికి కాస్త పేరొచ్చింది. ఆ తర్వాత పెట్టుబడి దొరకనప్పుడల్లా బడిలో పాఠాలు చెబుతూ సెలవుల్లో షూటింగ్ చేసుకునేదట.

సూర్‌లో జాలర్లను తీసింది. తిరిగి వస్తుంటే, "మీరుండే చోటు చూడొచ్చా?" అని అడిగింది.

సెలవు రోజు శుక్రవారం, మబేలాలో మా తెలుగు కూలీలమంతా కలిసి ఉండే రూమ్‌కు తీసుకెళ్ళాను. అందరూ ఇస్త్రీ చొక్కాలు, నల్లద్దాలతో వరసగా నిలబడ్డారు. ఆమె కెమెరా బయటికే తీయలేదు. చాయ్ తాగి ఓ మూల కూర్చుంది. కాసేపటికి వాళ్ళే విసిగిపోయి, చొక్కాలు విప్పి బట్టలు ఉతుక్కోసాగారు. మాలో పెద్దవాడు, జగిత్యాల వైపు మేస్త్రీ. శుక్రవారాలు అందరికీ క్షవరం చేసేది ఆయనే. ఆయన కత్తెర అందుకున్నాక ఆమె కెమెరా తీసింది. సాయంత్రం దాకా ఆపలేదు.

మరుసటి ఏడు ల్యాప్‌టాప్ పట్టుకుని మళ్ళీ వచ్చింది.

"మా టీవీ వాళ్ళు కొనలేదు. మీలో ఒకరైనా ఏడ్చే సీను కావాలన్నారు" అంది. నేను తెలుగులో చెప్పాను.

"దానికేముందిరా, నేను ఏడుస్తనని చెప్పు. పాపం, ఆమె సినిమా అమ్ముడువోవాలె గద" అన్నాడు మేస్త్రీ.

నేను చెప్పేసరికి ఆమె తల అడ్డంగా ఊపింది. "ఆ రోజు మీరు ఏడవలేదు. నేను చూడనిది చూశానని ఎలా చూపిస్తాను?"

"మరి ఆమె బతుకుడెట్ల?"

"బడి ఉందిగా" అంది ఆమె.

అప్పుడే సినిమా పెట్టింది. మంచాల మీద ఇరుక్కుని కూర్చున్నాం. తెర మీద మేస్త్రీ ఒకతని మెడ వంచి, వెంట్రుకలు ఊది, కత్తెర ఆడిస్తున్నాడు. ఆ మెడ ఎవరిదో అతనే అన్నాడు: "అన్నా, ఇంత మెల్లగ చెయ్యి పెడ్తవా నువ్వు? నాకు ఎన్నడు ఎరుకనే కాలె."

సినిమా అయిపోయాక మేస్త్రీ, "ఇంకొక్కసారి పెట్టుమను" అన్నాడు.

ఇప్పుడు ఆమె ఆ సినిమాను తన దేశంలో ఊళ్ళ లైబ్రరీల్లో తానే తిరిగి చూపిస్తోంది. మేస్త్రీ క్షవరం ఎక్కడ నేర్చుకున్నాడో కనుక్కోమని ఈమధ్య మెసేజ్ పెట్టింది, చూసినవాళ్ళు అడుగుతున్నారట. ఆయన్నే అడిగాను.

"మా తమ్మునికి చేసి నేర్చుకున్న. చెవు కోసిన్నని వాడు ఇప్పటికీ తిడ్తడు."

అదే రాసి పంపాను.